మెస్ హాల్లో మెక్సికో దయ్యాలు

శుక్రవారం మధ్యాహ్నం, దోహా లేబర్ క్యాంప్ మెస్ హాల్లో సైలస్ పరువు పోయేలా ఉంది.

కంపెనీలో హెచ్‌ఆర్ చూసే సైలస్‌కి పాత స్పానిష్ భాషా దయ్యాల సినిమాలంటే ప్రాణం. లేబర్‌కి కూడా కాస్త టేస్ట్ రావాలని, అల్ మన్సూరాలోని తన ఫ్లాట్ నుంచి ప్రొజెక్టర్ మోసుకొచ్చాడు. కిటికీలు మూయించి, లైట్లు ఆర్పించి, అరవై ఏళ్ళనాటి మెక్సికో సినిమా వేశాడు.

"కల్ట్ క్లాసిక్! గుండె చిక్కబట్టుకోండి" అన్నాడు.

తెర మీద ఒక జమీందారు సమాధుల్లోంచి శవాలను లేపి, వెండి గనిలో పనికి పెట్టాడు. శవాలు మాట్లాడవు. నిద్రపోవు. పిలిస్తే లేస్తాయి, దింపిన చోట తవ్వుతాయి.

ఒక్కరూ ఉలిక్కిపడలేదు. ముందు వరసలో కూర్చున్న మేస్త్రీ జలంధర్ ఆవులించాడు.

"సార్, దయ్యం ఎప్పుడొస్తది?"

"అవే దయ్యాలయ్యా!"

"గవి డ్యూటీల ఉన్నయి గద సార్."

సైలస్ పళ్ళు నూరాడు.

చివరికి హీరో జమీందారును తగలబెట్టాడు. శవాలన్నీ పారలు పడేసి సమాధుల వైపు నడిచాయి. సైలస్ ఒక్కడే చప్పట్లు కొట్టాడు. హాల్లో ఎవరూ కదల్లేదు. జలంధర్ ముఖంలో నెత్తురు చుక్క లేదు.

"ఇప్పుడెందుకయ్యా భయం? పాపం, వాటికి విముక్తి దొరికింది కదా!"

"ఏం విముక్తి సార్! గనికి మాలిక్ సచ్చిండు. కంపెనీ బంద్. అందరికి వీసా క్యాన్సిల్ జేసి, ఎగ్జిట్ కొట్టి ఇంటికి తోలుతున్నరు."

సైలస్ పగలబడి నవ్వాడు. నవ్వుతూ నవ్వుతూనే, తన వీసా కూడా ఈ కంపెనీదేనని గుర్తొచ్చి, గబగబా వెళ్ళి లైట్లు వేశాడు.