చిలుక గోళ్ళ విచారణ

"ఈ పక్షిని పెంచే యోగ్యత మీకు లేదు. పెట్టె తెచ్చాను, ఇవాళే తీసుకెళ్ళిపోతాను," అని పక్షుల శరణాలయం అధ్యక్షురాలు ముందు తీర్పు చెప్పి, ఆ తరువాత విచారణ ప్రారంభించింది.

ముద్దాయి దర్జీ. శరణాలయం నుంచి తెచ్చి పెంచుకుంటున్న చిలుకకు గోళ్ళు కొడవళ్ళలా వంగిపోవడం నేరం. అతని వేళ్ళకున్న కట్లు సాక్ష్యం.

"తువ్వాలులో చుట్టి పట్టుకున్నా కరిచేస్తోందండీ," అన్నాడు దర్జీ.

"గుడ్డపీలిక అనుకున్నారా, కరకరా కత్తిరించడానికి? రవ్వంత ఎక్కువ తెగితే నెత్తురు కారుతుంది!"

"ఆ భయంతోనే ఆగిపోయానండీ."

"జాకెట్టు ముక్కకైతే చెయ్యి వణకదు కాబోలు!"

అధ్యక్షురాలి ముఖానికి మాస్కు, కళ్ళకు నల్లద్దాలు. ఈకల ధూళి పడదట. పంజరం ఉన్న కత్తిరింపు బల్లకు ఆ చివర, చిలుకకు వీపు తిప్పి, స్టూలునే సింహాసనంగా అధిష్ఠించింది. శరణాలయం గేటు ముందు దొరికిన మర్నాడే ఆ చిలుకను దర్జీకి అప్పగించినప్పుడూ అంతే, గుమ్మం బయటినుంచే ఆశీర్వదించింది. మహాత్ముల ప్రేమకు దూరమే అలంకారమని దర్జీ అప్పట్లో సరిపెట్టుకున్నాడు.

వింత ఏమిటంటే, పొద్దున్నుంచి ఇల్లు పీకి పందిరేస్తున్న చిలుక ఆమె గొంతు విన్నాక కిక్కురుమనలేదు.

"చూశారా? నిజమైన ప్రేమను పక్షి ఇట్టే గుర్తుపడుతుంది."

"తీసుకెళ్ళకండమ్మా," అని బతిమాలింది దర్జీ భార్య. "ఈయన మిషను తొక్కుతున్నంతసేపూ భుజం మీదే ఉంటుంది. అది తినందే ఈయన ముద్ద ముట్టరు."

"భుజం ఎవరిదైనా ఎక్కుతుంది. కాలు ఇచ్చిందా? గోరు తియ్యమని తనంతట తానే కాలు చాపిందా? పిల్లప్పట్నుంచి పెంచి, మచ్చిక చేసి, నేర్పిన చేతికే చిలుక కాలిస్తుంది. మిగతావాళ్ళకు ముక్కే!"

"మరి అంత ముద్దుగా పెంచినవాళ్ళే దీన్ని అట్టపెట్టెలో కుక్కి మీ గేటు ముందు పారేశారా అండీ?" అమాయకంగా అడిగాడు దర్జీ.

"వాళ్ళు మనుషులా? పశువులు నయం! మోజు తీరగానే వదిలించుకునే ఆ పాపాత్ములు నాకు దొరకాలి గానీ, నలుగురిలో నిలబెట్టి కడిగి పారేస్తాను!"

ధర్మావేశం గొంతు ఎండగొడుతుంది. దర్జీ భార్య మంచినీళ్ళిచ్చింది. అధ్యక్షురాలు నల్లద్దాలు నెత్తికెక్కించి, మాస్కు గడ్డం కిందికి దించి, గ్లాసు ఎత్తింది.

"చూస్తారేం? పెట్టెలో పెట్టండి దాన్ని."

దర్జీ కళ్ళు తుడుచుకుని పంజరం తలుపు తీశాడు. చిలుక అతను చాపిన చేతిని దాటేసింది. పెట్టెనూ దాటేసింది. వంకర గోళ్ళు టకటకలాడిస్తూ బల్ల పొడవునా నడిచి, అధ్యక్షురాలి ఒళ్ళోకి దిగింది.

ఆమె మాస్కు పైకి లాక్కునేలోగా అది ఒంటికాలి మీద నిలబడి, రెండో కాలు బుద్ధిగా ఆమె చేతిలో పెట్టింది.