రాయొద్దన్న కొండ

కుళాయి దగ్గర వరసలో నిలబడ్డ దల్వినా పక్కన ఓ ముసలాయన వచ్చి కూర్చుని నోటుపుస్తకం తెరిచాడు.

అంతే. వరస వరసంతా నోరు మూసుకుంది.

ఉరుబు కొండ మీద నోటుపుస్తకం కనబడిందంటే ఇళ్ళు కూల్చేవాళ్ళు వచ్చినట్టే. ముందు ఒకడొచ్చి పేర్లు రాసుకుపోతాడు. ఆనక లారీలొస్తాయి. రియో నగరంలో ఇలా ఎన్ని కొండలు ఖాళీ అయ్యాయో!

"లారీలొస్తే ఏం చేస్తారమ్మా?" అడిగాడు ముసలాయన.

"పెళ్ళిభోజనం పెడతాం. ఇంతకీ ఎవరయ్యా నువ్వు?" అంది వరసలో ఒకావిడ.

"సినిమాలకి కథలు రాస్తాను. మీ కొండ కథ రాద్దామని వచ్చాను."

ఆడవాళ్ళు పగలబడి నవ్వారు.

"హీరోయిన్ని నేనేనా తాతా?" అంది దల్వినా స్నేహితురాలు జాసిరా. "పోయినసారి వచ్చినోడు టీకాల డాక్టరునన్నాడు. వాడెళ్ళిన వారానికి పక్క సందు నేలమట్టం!"

దల్వినాకి నవ్వు రాలేదు. ఆమెకున్నదల్లా కొండ మీద ఒక రేకుల గది, అందులో మంచాన పడ్డ తల్లి, కింద సముద్రపొడ్డు మేడల్లో బట్టలుతికే పని. ఆ గది పోతే పనీ పోతుంది, తల్లీ దక్కదు.

ముసలాయన మాత్రం రోజూ వచ్చేవాడు. వినేవాడు, రాసుకునేవాడు. పదో రోజు దల్వినా గుమ్మం ముందు నిలబడ్డాడు.

"కుళాయి దగ్గర మీ అమ్మగారి గురించి చెప్పారు కదా, అది రాశాను. మీరు సరేనంటేనే ఉంచుతాను."

దల్వినాకి ఒళ్ళు మండిపోయింది.

"మా అమ్మని కూడా పుస్తకంలోకి ఎక్కించావూ! నీ చెయ్యి విరిగిపోను! ఒక్క అక్షరం రాయడానికి వీల్లేదు. నాదే కాదు, ఈ కొండ మీద ఎవరిదీ!"

"రాయనివ్వమ్మా. మీకోసం చెయ్యడానికి నాకింకో పని చేతకాదు."

"రాయొద్దని మనుషుల భాషలో చెబితే అర్థం కాదా? పో!"

ముసలాయన నోటుపుస్తకం మూసి, మెట్లు దిగిపోయాడు.

మూడు నెలలకి లారీలొచ్చాయి.

తల్లిని మంచంతో సహా ఎక్కించారు. ఊరి చివర, రెండు బస్సులు మారి వెళ్ళేంత దూరంలో ఓ సిమెంటు గది ఇచ్చారు. పని పోయింది. ఆ ఏడే తల్లీ పోయింది. ఏడవడానికి కూడా ఓపిక లేక దల్వినా గోడకి చేరగిలబడి కూర్చుంది.

మరుసటేడు ఓ ఆదివారం చర్చి హాల్లో దుప్పటి కట్టి సినిమా వేశారు. తెర మీద ఉరుబు పక్కనున్న కుటియా కొండ. అక్కడి ఆడవాళ్ళు లారీలకి అడ్డంగా పడుకున్నారు.

"సర్కారు నిషేధించేలోపే ఊరంతా చూసేసింది," అంది సినిమా వేయించిన చర్చి సన్యాసిని, సిస్టర్ ఒడెట్. "జనం రోడ్డెక్కారు. లారీలు వెనక్కి పోయాయి. ఆ కొండ ఇవాళ్టికీ ఉంది."

దల్వినా లేచి సిస్టర్ దగ్గరికి వెళ్ళింది.

"మా గురించి ఒక్కరూ రాయలేదేం సిస్టర్? మేమేం పాపం చేశాం?"

"ఏమోనమ్మా. దీన్ని రాసిన పెద్దాయన ముందు వేరే కొండ కథ సగం దాకా రాశాడట. అక్కడెవరో బట్టలుతికే ఆవిడ వద్దందని, డైరెక్టరు కాళ్ళావేళ్ళా పడ్డా అందులో ఒక్క అక్షరం వాడుకోలేదట ఆ మహానుభావుడు."