ఏసేపు చేసిన దూడ

“బొమ్మ అని తెలిసిపోతోందన్నా. వద్దు,” అన్నాడు దర్శకుడు వంశీ, మానిటర్ మీంచి చూపు తిప్పకుండానే.

ఏసేపు రిమోట్ పక్కన పెట్టాడు. సినిమాలకు జంతువుల బొమ్మలు చేయడం అతని పని. ఈ దూడకి రబ్బరు చర్మం, లోపల మోటార్లు, ఒక్కొక్కటే అతికించిన వెంట్రుకలు. చెవి ఆడిస్తుంది, తోక ఊపుతుంది, మెడ ఎత్తుతుంది. సీనులో తల్లి గేదె దాన్ని నాకాలి. అద్దెకు తెచ్చిన గేదె మూతి కూడా ఆనించలేదు. ఓర్వకల్లు రాళ్ల మధ్య, ఆ ఎండలో, పొద్దుట్నుంచీ ఇదే తంతు.

“రేపు ఆలూరు నుంచి నిజం దూడనే తెప్పిస్తా. దీన్ని సర్దెయ్.”

ఏసేపుకి కోపం కూడా రాలేదు. వ్యానులో నడుం వాలిస్తే చాలనుకున్నాడు. దూడను ఎత్తుకుని పోతుంటే, షూటింగ్ చూడటానికొచ్చిన ముసలామె గిడ్డమ్మ అడ్డం వచ్చింది.

“ఏమప్పా, ఆ బొమ్మను ఒక పూట ఇస్తావా? నా ఎనుముకు దూడ సచ్చిపోయింది. పాలు చేపడంల్యా. పొదుగు గట్టిపడి శానా అల్లాడతాండాది.”

“ఆ గేదే నమ్మలేదవ్వా. నీ ఎనుము నమ్ముతాదా?”

“ఇది బిడ్డను పోగొట్టుకున్నది గదప్పా.”

కాదనే ఓపిక లేక ఆమె వెంట నడిచాడు. గిడ్డమ్మ, చచ్చిన దూడను తుడిచిన గోనెపట్టతో బొమ్మను నిలువునా రుద్దింది. గేదె వాసన చూసింది. ఏసేపు రిమోట్‌తో మెల్లగా బొమ్మ చెవి ఒకటి ఆడించాడు. అంతే, గొంతులో సన్నగా మూలుగుతూ అది బొమ్మ నెత్తి నాకసాగింది. చెంబులో పాలధార చప్పుడు వినబడగానే ఏసేపు నేల మీద చతికిలబడ్డాడు. ఎందుకో కళ్లు తుడుచుకోవాల్సి వచ్చింది.

సంగతి తెలిసి, మర్నాడు వంశీ కెమెరాతో సహా ఆమె కొట్టం దగ్గరికే వచ్చాడు. షాట్ ఒక్క దెబ్బకి ఓకే అయింది. అప్పుడే ఆలూరు దూడా దిగింది.

“తల్లి లేని దూడట. అవ్వకే ఇచ్చేద్దాం. బొమ్మను వ్యానెక్కించన్నా,” అన్నాడు వంశీ సంతోషంగా.

ఏసేపు స్విచ్ ఆపాడు. బొమ్మ మెడ వాలిపోయింది. ఈలోగా ఆలూరు దూడ వచ్చి ఆకలితో అతని వేళ్లు చీకింది. వెచ్చని, గరగరలాడే నాలుక. ఎన్ని మోటార్లు పెట్టినా ఇది తన చేత కాదనుకున్నాడు. దాని ఒంటికీ ఆ గోనెపట్టే రుద్ది, పొదుగు దగ్గరికి తోశాడు.

బొమ్మను వ్యానులో పడుకోబెట్టి, పక్కనే తనూ వాలి కళ్లు మూసుకున్నాడు.

“అయ్యో, తన్నిందప్పా! పసిదాన్ని తన్నింది!” గిడ్డమ్మ కేక.

అతను లేచేలోపే వ్యాను ఊగింది. తెగిన పలుపు ఈడ్చుకుంటూ వచ్చిన గేదె, తల లోపలికి దూర్చి, ఆగిపోయిన బొమ్మను నాకుతోంది.