రాజముద్ర వేసిన దోపిడీ

ఇంగ్లీషు యుద్ధనౌకలు నార్వే తీరాన్ని దిగ్బంధం చేశాయి. డెన్మార్కు నుంచి రావలసిన ధాన్యం ఆగిపోయింది. ఫార్సుండ్ రేవులో జనం చెట్టు బెరడు దంచి, గుప్పెడు పిండిలో కలిపి రొట్టెలు కాల్చుకుంటున్నారు.

కోపెన్‌హాగెన్‌లో ఉండి నార్వేని కూడా ఏలుతున్న రాజుగారికి జాలేసింది. గింజలు పంపలేదు గాని, శత్రువుల ఓడల్ని చట్టబద్ధంగా దోచుకోవచ్చని అనుమతి పంపించారు.

ఆ అనుమతి పత్రం కోసం జాలరి టోల్లాక్ కూడా వెళ్ళాడు. అతని సైన్యం ఇద్దరు తమ్ముళ్ళు, ఒక బావమరిది. కూర్చుంటే కుండ ఖాళీ చేసే రకాలు. యుద్ధనౌక ఒక పాత చేపల పడవ. ఫిరంగి కూడా ఉంది, తుప్పు పట్టి.

మేజిస్ట్రేటు నవ్వాపుకొని, తుపాకిమందు ఎంత కావాలని అడిగాడు. అక్కర్లేదండీ అన్నాడు టోల్లాక్. ఇంతటి వీరుణ్ణి తానెన్నడూ చూడలేదని మేజిస్ట్రేటు రాజముద్ర గట్టిగా గుద్దాడు. ఇది లేకుండా పట్టుబడితే దొంగలని ఉరి తీస్తారనీ, ఉంటే యుద్ధఖైదీలుగా చూస్తారనీ చెప్పాడు. టోల్లాక్ పత్రాన్ని నూనెగుడ్డలో చుట్టి చొక్కా లోపల దాచుకున్నాడు.

ఒడ్డుకి అతని భార్య గున్వోర్ దారిలో తినమని ఒక రొట్టె తెచ్చింది. అతను దాన్ని చిన్నకూతురి చేతిలో పెట్టేశాడు.

"బెంగపెట్టుకుని తొందరగా తిరిగొచ్చేవు సుమా" అంది గున్వోర్, కళ్ళు తుడుచుకుంటూ.

ఓడల్ని పట్టడం అటుంచి పడవ మునక్కుండా ఉంటే చాలని రేవులో జనం నవ్వుకున్నారు.

సముద్రంలో ముందు ఒక సరుకు ఓడ కనబడింది. దాని నిండా బస్తాలే. బావమరిది ఆశగా చూశాడు. టోల్లాక్ పడవని పక్కకి తిప్పేశాడు.

"అది మనకోసం ఆగదురా. ఆగి మాట్లాడే ఓడ కావాలి మనకి."

సాయంత్రానికి అలాంటిది దొరికింది. మూడు అంతస్తుల నిండా ఫిరంగులున్న ఇంగ్లీషు యుద్ధనౌక. నలుగురూ ప్రాణం పెట్టి తెడ్లు వేశారు. దాని కిందికి చేరి, జెండా ఎగరేసి, మర్యాదగా లొంగిపొమ్మని కేకేశారు.

పైనున్న నావికులు కడుపులు పట్టుకుని నవ్వారు. ఆ తర్వాత నలుగుర్నీ పైకి లాగి చేతులు కట్టేశారు. కెప్టెన్ రాజముద్ర చూసి, పెదవి విరిచి, యుద్ధఖైదీల కింద రాసుకోమన్నాడు.

టోల్లాక్ అప్పటికి ఊపిరి పీల్చుకుని తనవాళ్ళ వైపు తిరిగాడు.

"గండం గడిచిందిరా, ఇంట్లో ఉన్న పిండి చలికాలమంతా పిల్లలకి సరిపోతుంది, మన నలుగురి తిండీ ఇక ఇంగ్లండు రాజుగారి ఖర్చే."