ఇరవై మూడు మంది తవ్విన నుయ్యి

...అయినా ఒక్క నూతిని ఇరవై మూడు మంది తాతలు ఎవరికి వారే ఒంటరిగా ఎలా తవ్వుతారు, అనుకుంటూ దాలినాయుడు పెరట్లో వంకాయలు కోస్తున్నాడు.

ఊళ్ల చరిత్రలన్నీ ఇప్పుడు యంత్రమే రాస్తోంది. నూతిపాలేనికి పంచాయతీ లేదు, పాత కాగితం లేదు. అందుకని ఊరికి పేరు తెచ్చిన నుయ్యి ఎవరు తవ్వారని ప్రతి గుమ్మానికీ ఉన్న మైకులోంచి ఇంటిపెద్దను అడిగింది. ఇరవై మూడు ఇళ్లవాళ్లూ తమ తాతే తవ్వాడన్నారు. సాయంత్రంలోగా మాట కలవకపోతే పాలెం పేరు కొట్టేసి పక్క ఊళ్లో కలిపేస్తుందట.

దాలినాయుడి తాత నూతిలోకి తొంగిచూస్తేనే కళ్లు తిరిగే మనిషి. అయినా మనవడు ఆయన చేతి బొబ్బలతో సహా వర్ణించాడు. తానెన్నడూ చెమటోడ్చలేదు కనక తాతకైనా కాస్త చెమట పట్టించాలనుకున్నాడేమో. చెబుతుంటే గొంతు వణికింది. ఆ వణుకు విని తానే నమ్మేశాడు.

పక్క పెరట్లోంచి పైడమ్మ అరిచింది.

"ఓరన్నా! తవ్వింది మా మామ్మేనని నీకు తెల్దేటి? ఒకడు నేదంతే అందరూ నేదంతారు. ఊరి పేరు పోతాది!"

"ముందు మీ ఆయన్ని అనమను."

"ఆడు నిన్ను అనమంతన్నాడు!"

దాలినాయుడికి నవ్వొచ్చింది, ఆ వెనకే సిగ్గేసింది. వంకాయల బుట్ట దించి, గుమ్మం దగ్గరికెళ్లి మైకు నొక్కాడు.

"మా తాత తవ్వలేదు. పైడమ్మ మామ్మ తవ్వుతుంటే గట్టు మీద కూర్చుని, ఇంకెంతసేపు, దాహమేస్తోందని విసుక్కున్నాడు."