చెప్పని కబురు

ఎండిన మద్దిమాను మీద కూర్చుని వడ్రంగిపిట్ట రోజూ పొద్దున్నే అడవి కబుర్లు చెప్పేది. ఆ మాను మొదట ఏనుగుది. ముసలితనంలో ఏనుగు దాన్ని ఎలుగుకి అప్పగించింది. తేనెపట్టుకి ఆశపడి ఎలుగు నక్కకిచ్చేసింది. నక్క బెదిరిపోయి చిరుతకి రాసిచ్చింది. మాను ఎవరిదైనా పిట్ట కబురు మాత్రం మారలేదు.

చిరుత వస్తూనే, "నేనెక్కడున్నానో చెప్పావంటే మెడ విరిచేస్తా!" అంది.

"అలాగే దొరా," అంది పిట్ట.

మర్నాడు గొంతెత్తింది. "వాగు దగ్గర భయం లేదు. గుట్ట దగ్గర భయం లేదు. వెదురుపొద దగ్గర..." అంతే, నోరు మూసుకుని కూర్చుంది.

ఆ రోజు ఒక్క జింకా వెదురుపొద వైపు పోలేదు. పొదలో కాపుకాసిన చిరుత ఆకలితో ఊగిపోతూ వచ్చింది. "వాళ్లకి ఎవరే చెప్పింది?"

పిట్ట చిటారుకొమ్మకి ఎగిరింది. "నేనైతే ఒక్క ముక్క చెప్పలేదు దొరా. రేపు కూడా ఇలాగే చెప్పను!"