అనని మాట

ఉమామహేశ్వర్లు ఫోన్ తెరిచేసరికి అతని పచ్చకోట చుట్టూ ఎర్రసైన్యం దిగి ఉంది.

గిద్దలూరు బజారులో అతని బట్టల దుకాణం. కొన్న చీర మార్చమని ఎదురుగా ఒకామె గొడవ చేస్తున్నా వినిపించుకోకుండా ఆ ఎర్రరంగు వైపే చూస్తున్నాడు. డిగ్రీలో కలిసి చదివిన నలుగురూ ఫోన్లలో ఆడుకునే యుద్ధం ఆట అది. ఒకరి తర్వాత ఒకరు తమ వంతు ఆడాలి. ఎర్రరాజు చెన్నకేశవులు. అదే బజారులో ఎరువుల దుకాణం వాడిది. ఆటలో ఇప్పటికే సగం దేశం మింగేశాడు. ఇంకొక్కసారి వాడి వంతు వచ్చిందంటే పచ్చకోట కూడా పోయినట్టే.

ఉమామహేశ్వర్లు పొదిలికి ఫోన్ చేశాడు. నాగమణి అక్కడ ఫ్యాన్సీ షాపు నడుపుతోంది.

"ఈరోజు నన్ను మింగుతాడు, రేపు నిన్ను. నీ గుర్రాలు పంపు మణీ. కలిసి కొడదాం."

"మనిద్దరం చాలం. మోషే వస్తే నేనూ వస్తా," అంది నాగమణి.

మోషే రాచర్ల రూట్లో ఆటో నడుపుతాడు. ఆటలో వాడి నీలిసైన్యం బలమైనది. కానీ వాడికీ చెన్నకేశవులుకూ ప్రాణస్నేహం. ఉమామహేశ్వర్లు ఆటో స్టాండుకు వెళ్లి, టీ చెప్పి, మెల్లగా విషయం కదిపాడు.

"వాడి మీదికి నేను రాను," అన్నాడు మోషే.

"ఆటే గదరా!"

"ఆటైనా రాను. మా పాప పుట్టినప్పుడు ఆస్పత్రి వరండాలో నా పక్కన కటిక నేల మీద పడుకున్నాడు వాడు. వాడి మీదికి నన్ను యుద్ధానికి రమ్మంటావా?"

ఉమామహేశ్వర్లుకు ఇంకో దారి కనిపించలేదు. నోటికి వచ్చింది అనేశాడు.

"నువ్వు ఇట్ల అంటావు. వాడు నీ గురించి ఏమన్నాడో తెలుసా?"

"ఏమన్నాడు?"

"'వాడు లెక్కకే గానీ లెక్కలోకి రాడు' అన్నాడు. 'పాపం గదా అని వెంట తిప్పుకుంటున్నా' అన్నాడు."

చెన్నకేశవులు ఆ మాట అనలేదు. కానీ అచ్చం వాడు మాట్లాడే తీరులోనే ఉంది. మూతి ఒక పక్కకు తిప్పి నవ్వుతూ ఎవరినైనా అట్లా ఒక విసురు విసరడం వాడికి అలవాటు. అందుకే మోషే నమ్మాడు. సగం తాగిన టీ బల్ల మీద పెట్టేసి ఆటో స్టార్ట్ చేసుకుని వెళ్లిపోయాడు.

ఆటలో ఆడిన అబద్ధం అబద్ధం కిందికి రాదులే అనుకున్నాడు ఉమామహేశ్వర్లు. ఆ సగం టీ గ్లాసు వైపు మాత్రం చూడలేకపోయాడు.

సాయంత్రానికి నీలిసైన్యం కదిలింది.

వింతేమిటంటే చెన్నకేశవులు ఎదురు తిరగలేదు. తన వంతు వచ్చినా ఒక్క బంటును కదపకుండా వదిలేశాడు. మళ్లీ వచ్చింది, మళ్లీ వదిలేశాడు. ముగ్గురి సైన్యాలూ కలిసి ఎర్రకోటలన్నీ కూల్చేశాయి. "గెలిచినాం!" అని గ్రూపులో నాగమణి బాణాసంచా బొమ్మలు పెట్టింది. మోషే ఏమీ పెట్టలేదు. ఉమామహేశ్వర్లు ఏదో రాయబోయి చెరిపేశాడు.

ఆ ఆదివారం బస్టాండు దగ్గర అతనికి సుబ్బరత్నమ్మ కనిపించింది. చెన్నకేశవులు తల్లి. మోకాలికి కట్టుతో, చేతికర్ర పట్టుకుని ఎండలో నిలబడి ఉంది.

"ఇక్కడ నిలబడ్డావేంది పెద్దమ్మా?"

"కట్టు మార్పించుకోవాల నాయనా. కేశవులేమో లోడు దించుకోను పోయినాడు. ఎప్పుడూ మోషేనే గదా ఇంటి ముందుకొచ్చి ఎక్కించుకొని పోయేది. ఇప్పుడు ఫోనే ఎత్తట్లేదు." ఆమె కర్ర ఈ చేతి నుంచి ఆ చేతికి మార్చుకుంది. "నేనేమన్నా నోరు జారినానా అని రాత్రంతా ఒకటే ఆలోచన. బిడ్డ మనసు నొప్పించినానేమో నాయనా. నువ్వన్నా కనుక్కొని చెప్పు."

ఉమామహేశ్వర్లు ఇంకో ఆటో పిలిచి ఆమెను ఎక్కించి, ఆస్పత్రికి తీసుకెళ్లి, కట్టు మార్పించి ఇంట్లో దించాడు. దారి పొడుగునా ఆమె మోషే మంచితనమే చెప్పుకొచ్చింది. ఒక్కో మాటకూ అతని తల ఇంకాస్త కిందికి దిగింది.

అక్కడి నుంచి నేరుగా ఎరువుల దుకాణానికి వెళ్లాడు. చెన్నకేశవులు అప్పుడే లోడు దించుకుని బస్తాల మధ్య ఒక్కడే కూర్చుని ఉన్నాడు. స్నేహితుణ్ణి చూసి గబుక్కున లేచి స్టూలు జరిపాడు. మొహంలోకి మాత్రం చూడలేదు.

"కూర్చోను రా. నేను తప్పు చేసినా," అన్నాడు ఉమామహేశ్వర్లు. "నువ్వు మోషేను తక్కువ చేసి మాట్లాడినావని నేనే వాడికి చెప్పినా."

"తెలుసు. మోషే వచ్చి, నువ్వు చెప్పిన ఆ మాటలే చెప్పి అడిగినాడు, 'ఉమా చెప్పినాడు, నిజంగా అన్నావా?' అని."

"నువ్వేమన్నావు?"

"ఏమీ అనలేదు."

"ఎందుకురా? అనలేదని మొహం మీద చెప్పాల్సింది! అది నేను పుట్టించిన మాట. వాణ్ణి మా వైపు లాక్కోవడానికి అప్పటికప్పుడు అల్లి చెప్పినా. నువ్వు ఎవురి దగ్గరా అట్ల అనలేదు. ఇప్పుడే రాచర్ల పోయి వాడి కాళ్లు పట్టుకుంటా."

చెన్నకేశవులు అప్పుడు తలెత్తి చూశాడు. మొహం పాలిపోయి ఉంది.

"నిజంగా నువ్వే పుట్టించినావా? నాగమణి నీకేం చెప్పలేదా?"

"ఏం చెప్పాల?"

"నీకు తెలిసిపోయిందనుకున్నా రా. తెలిసి, సిగ్గుపడి, నీ పేరు చెప్పుకోలేక మోషే పేరు పెట్టినావనుకున్నా. అందుకే వాడికి సమాధానం చెప్పలేకపోయినా. అందుకే ఆటలో కూడా చెయ్యి ఆడలేదు."

"నాకు తెలిసేది ఏందిరా?"

"ఆ మాట నాగమణితో నేను నిజంగానే అన్నాను," అన్నాడు చెన్నకేశవులు. "మోషేను కాదు... నిన్ను."